గంగజాతర వేషాలు: కైకాల ఇళ్లు మోసుకొచ్చిన అమ్మవారి రూపాలు

తిరుపతి తాతయ్యగుంట గంగమ్మ జాతర ఏటా మే నెలలో, ఎండలు ముదిరిన రోజుల్లో జరుగుతుంది. మంగళవారం రాత్రి చాటింపుతో మొదలై, మరుసటి మంగళవారం గడిచి బుధవారం తెల్లవారుజామున గుడి ముందు మట్టి చెంప నరకడంతో ముగుస్తుంది. ఈ రెంటికీ మధ్య రోజుకొక వేషం. బుధవారం బైరాగి, గురువారం బండ, శుక్రవారం తోటి, శనివారం దొర, ఆదివారం మాతంగి, సోమవారం సున్నపుకుండలు. మంగళవారం అసలు జాతర, ఆ రాత్రి పేరంటాలు. చిత్తూరు సీమ మాటల్లో ఇవన్నీ 'యాసాలు'. ఈ వేషాలు వేసే బాధ్యత తరతరాలుగా కైకాల వంశస్థులది. ఊరి జనం మొక్కుబడిగా వేసుకునే వేలాది వేషాల నడుమ కైకాల వేషం ఒక్కటే నిలబడుతుంది. వీధిలో అది ఎదురైతే తిరుపతి వాసి చూసేది రంగు పూసుకున్న మనిషిని కాదు, గంగమ్మను.

ఈ ఆచారానికి వెనుక ఒక కథ ఉంది. తిరుపతి ప్రాంతాన్ని ఒకప్పుడు ఒక పాలెగాడు ఏలేవాడట. పెళ్లయిన ప్రతి ఆడపిల్లా మొదట తన దగ్గరికి రావాలని వాడి శాసనం. ఆ కాలంలో తిరుపతి పక్కనే ఉన్న అవిలాలలో ఒక పసిబిడ్డ దొరికింది. ఆ బిడ్డను పెంచింది ఎవరన్నది కథ చెప్పేవాళ్లను బట్టి మారుతుంది. రెడ్ల ఇల్లని కొందరు, కైకాల ఇల్లని కొందరు అంటారు. బిడ్డ ఈడుకొచ్చింది. పాలెగాడి కన్ను ఆమె మీద పడింది. వాడు చెయ్యి వేయబోయిన క్షణంలో గంగమ్మ తన అసలు రూపం చూపించింది. పాలెగాడు పారిపోయి దాక్కున్నాడు. వాణ్ని వెతకడానికి అమ్మ రోజుకొక వేషం కట్టింది. బైరాగిగా అడుక్కుంటూ తిరిగింది, బండమనిషిగా బూతులు తిడుతూ తిరిగింది, ఊరి తోటిగా వీధులన్నీ తిరిగింది. వాడు బయటికి రాలేదు. చివరికి దొర వేషంలో వచ్చింది. తనకంటే పెద్ద దొర ఊళ్లోకి వచ్చాడనుకుని, మర్యాద చేయడానికి పాలెగాడు బయటికొచ్చాడు. అమ్మ వాడి తల నరికింది. కథ అంతటితో ఆగిపోదు. భర్త పోయిన పాలెగాడి భార్యను ఓదార్చడానికి గంగమ్మ మాతంగి రూపంలో వెళ్లిందని చెబుతారు. చంపిన చేతితోనే ఓదార్చడం ఈ కథలోని గొప్ప మలుపు. జాతర వారం మొత్తంలో మాతంగి వేషం మీద జనానికి అంత ప్రేమ ఉండడానికి ఇదీ ఒక కారణమే.

పాలెగాడనే మాట రాయలసీమలో ఒట్టి కథల మాట కాదు. విజయనగర పాలనలో పాలెం పట్టుకుని, సైన్యాన్ని పోషిస్తూ, పన్ను వసూలు చేసిన చిన్న దొరలే పాలెగాళ్లు. విజయనగరం కూలాక వాళ్లలో చాలామంది తమ కోటకు తామే రాజులయ్యారు. 1800లో నిజాం రాయలసీమ జిల్లాలను ఇంగ్లీషు కంపెనీకి వదిలేశాక, వాటికి ప్రధాన కలెక్టరుగా వచ్చిన థామస్ మన్రో దాదాపు 80 మంది పాలెగాళ్లను లొంగదీయాల్సి వచ్చింది. తిరుపతి, చిత్తూరు ప్రాంతాలు అప్పుడు ఆర్కాటు నవాబు కింద ఉండి, 1801లో కంపెనీ చేతికి వచ్చాయి. చిత్తూరు పాలెగాళ్లు 1804లో తిరగబడితే కంపెనీ సైన్యం ఆ తిరుగుబాటును అణచివేసింది. ఇక్కడి పల్లెల జ్ఞాపకంలో పాలెగాడు రెండు రూపాల్లో మిగిలాడు. తెల్లదొరను ఎదిరించిన వీరుడు ఒకడు, ఆడపిల్లను చెరబట్టిన దుర్మార్గుడు ఇంకొకడు. గంగజాతర రెండోవాడి కథ చెబుతుంది. పాలెగాళ్ల పాలన చరిత్రలోకి వెళ్లిపోయి రెండు శతాబ్దాలు దాటినా, తిరుపతి వీధిలో ఏటా శనివారం దొర చేతిలో ఆ పాలెగాడు మళ్లీ చస్తాడు.

కైకాల వారిది నేతవృత్తి. తమిళనాట కైక్కోళర్లు, తెలుగునాట కైకాల వాళ్లు. చెయ్యి అని అర్థమిచ్చే 'కై', నేతలో వాడే 'కోల్' కలిసి ఆ పేరు వచ్చిందని చెబుతారు. చోళుల కాలంలో వీళ్లు మగ్గంతో పాటు కత్తి కూడా పట్టారు. కైక్కోళ దళాల ప్రస్తావన ఆనాటి శాసనాల్లో కనిపిస్తుంది. గుడికీ ఈ కులానికీ ఉన్న బంధం కూడా పాతదే. మద్రాసు మ్యూజియం అధికారి ఎడ్గార్ థర్‌స్టన్, కె. రంగాచారితో కలిసి 1909లో 7 సంపుటాలుగా వెలువరించిన కులాల, తెగల గ్రంథంలో కైక్కోళ కుటుంబాలకు దేవాలయ సేవతో ఉన్న సంబంధాన్ని వివరంగా రాశాడు. ఒక చేతిలో నేత, ఇంకో చేతిలో గుడిసేవ ఉన్న కులానికి అమ్మవారి రూపం కట్టే బాధ్యత దక్కడం వింతేమీ కాదు. దేవుడికి బట్ట నేసిన చేతులే దేవత చీర కట్టుకున్నాయి.

ఈ బాధ్యతను మిరాసీ అంటారు. మిరాసీ అంటే తండ్రి నుంచి కొడుక్కి వచ్చే హక్కు, అదే తప్పించుకోలేని పని కూడా. పొలానికి ఉన్నట్టే వేషానికీ వంతులుంటాయి. కైకాల ఇళ్లు తమలో తాము పంచుకుని వంతుల ప్రకారం వేషం కడతాయి. చాకలి కులస్థులు వాళ్ల వెంట నడుస్తారు. దొర వేషం బయలుదేరినప్పుడు పక్కన మంత్రిగా ఉండేది చాకలి. పంబ వాయిస్తూ గంగమ్మ కథ పాడేది పంబల వాళ్లు. అవిలాల నుంచి పుట్టింటి సారె తెచ్చేది అక్కడి కైకాల వాళ్లు. ఒక్క మనిషి అమ్మవారు కావాలంటే ఇన్ని కులాల చేతులు కలవాలి. కైకాల వేషధారి గొప్పతనం అతని ఒక్కడి ప్రతిభ అనుకుంటే పొరపాటు. ఆ మనిషిని నిలబెట్టేది ఈ అల్లిక.

ఇంకో పుట్టింటి సారె కొండ మీద నుంచి వస్తుంది. గంగమ్మ తిరుమల వెంకటేశ్వరస్వామికి చెల్లెలని తిరుపతి జనం నమ్మకం. ఆ వరసతోనే తిరుమల తిరుపతి దేవస్థానం తరఫున ఏటా జాతరకు చీర, పసుపు, కుంకుమ వస్తాయి. కొండ మీద అన్న నైవేద్యం సాత్వికం, కొండ కింద చెల్లెలికి కోళ్లు, పొట్టేళ్లు బలి. అన్న గుడిలో వేదమంత్రం, చెల్లెలి వీధిలో బండబూతు. ఈ రెండు లోకాలు ఒకే ఇంటివని సారె తట్ట ఏటా చెబుతుంది. తిరుపతికి వచ్చే యాత్రికుల్లో ఎక్కువమంది కొండ ఒక్కటే చూసి వెళ్లిపోతారు. ఊరి వాళ్లకు మాత్రం కొండ కింద కూడా ఒక దేవత కాపలా ఉంది.

జాతరకు ముందు గుడి ఎదుట ఉన్న కొడిస్తంభానికి అభిషేకం చేసి, పసుపు పూసి, వడిబాలు కడతారు. ఇది గంగమ్మ విశ్వరూప స్తంభం. అవిలాల సారె చేరాక రాత్రి చాటింపు వేస్తారు. డప్పు కొడుతూ ఊరి ఎల్లలు తిరిగి అష్టదిగ్బంధనం చేస్తారు. చాటింపు పడిన తరువాత ఊళ్లో ఉన్నవాళ్లు జాతర ముగిసేదాకా బయటి ఊళ్లో రాత్రి నిద్ర చేయకూడదు, బయటివాళ్లు ఊళ్లో నిద్ర చేయకూడదు. పనుల మీద ఊళ్లు పట్టుకు తిరిగే ఈ కాలంలో ఈ కట్టుబాటును అక్షరాలా పాటించే ఇళ్లు తగ్గాయి. కానీ పాత తిరుపతిలో చాటింపు రోజుకల్లా ఇంటికి చేరుకోవాలని తాపత్రయపడే పెద్దవాళ్లు ఇంకా ఉన్నారు.

వేషాల్లో మొదటిది బైరాగి. దీని రంగు తెలుపు. నామం సుద్దను నీళ్లలో మెత్తగా కలిపి, ముఖం, మెడ, రొమ్ము, వీపు, చేతులు, కాళ్లు, ఎక్కడా చర్మం కనిపించకుండా పూస్తారు. మే నెల ఎండలో ఆ పూత నిమిషాల్లో ఆరిపోతుంది. ఆరుతూ చర్మాన్ని లాగుతుంది. నవ్వితే బుగ్గ మీద, మోచెయ్యి మడిస్తే మడత దగ్గర సన్నటి పగుళ్లు వస్తాయి, ఆ పగుళ్లలోంచి చెమట గీతలు కారుతాయి. మెడలో రెల్లకాయల దండ, చేతిలో వేపమండ. ఇంతే అలంకారం. పసిపిల్లల నుంచి ముసలివాళ్ల దాకా ఆ ఉదయం తిరుపతిలో తెల్లటి మనుషులే. వేషం వేసినవాళ్లు వేశాలమ్మ గుడికి, తాతయ్యగుంట గంగమ్మ దగ్గరికి వెళ్లి దర్శనం చేసుకుంటారు.

మరునాడు బండ వేషం. ఒంటికి కుంకుమ రంగు, ముఖాన బొగ్గు చుక్కలు. బండ అంటే మొరటు. ఈ వేషం కట్టినవాడు ఎవరినైనా తిట్టొచ్చు. అప్పిచ్చినవాణ్ని, పై అధికారిని, వీధి పెద్దను, ఎవరినైనా. ఆ తిట్టుకు ఎవరూ కోపం తెచ్చుకోకూడదు. తిట్టించుకుంటే అమ్మ దయ దక్కినట్టే. శుక్రవారం తోటి వేషంలో రంగు నలుపు. బొగ్గుపొడి ఒళ్లంతా పులుముకుని, వేపమండలు కట్టుకుని తిరుగుతారు. తోటి అంటే గ్రామ సేవకుడు. పాత పల్లెలో ఊరి చివర ఉండి, అందరి పనులూ చేసి, అందరి చేతా మాటలు పడిన మనిషి. ఏడాది పొడవునా మాట పడినవాడి రూపంలో దేవత వచ్చి, మాట అనే హక్కు తీసుకుంటుంది. ఎర్రటి, నల్లటి ఒళ్లతో, వేపమండలు ఝళిపిస్తూ, గావుకేకలు పెడుతూ గుంపులుగా వచ్చే ఈ రెండు వేషాలే పిల్లల్ని భయపెట్టేవి. తల్లి కొంగు వెనక దాక్కున్న పిల్లాడే నాలుగేళ్లు గడిచాక తానూ బొగ్గు పూసుకుని ఇంకో పిల్లాణ్ని బెదిరిస్తాడు. వేషం ఒక తరం నుంచి ఇంకో తరానికి చేరే దారుల్లో ఇదొకటి. దీనికి గురువూ లేడు, బడీ లేదు.

దొర వేషంతో జాతర స్వరం మారుతుంది. కేకలు తగ్గుతాయి. ఒంటికి గంధం, మెడలో నిమ్మకాయల దండ, చేతిలో వేపాకు. కైకాల దొర కత్తి పట్టుకుని, మంత్రి వెంటరాగా, బేరివీధి, బండ్లవీధి, కర్నాలవీధి వంటి పాత వీధుల దారుల్లో నడుస్తాడు. గడపగడపకూ ఆగుతాడు. ఇంటి ఆడవాళ్లు బిందెతో పసుపునీళ్లు తెచ్చి కాళ్లు కడుగుతారు, హారతి ఇస్తారు, పసిబిడ్డలను తెచ్చి కాళ్ల దగ్గర పెడతారు. తన వయసులో సగం ఉన్న కుర్రాడి కాళ్లకు డెబ్బై ఏళ్ల అవ్వ మొక్కడం ఇక్కడ సహజం. రేపు అదే కుర్రాడు అంగడి దగ్గర కనిపిస్తే పేరు పెట్టి పిలుస్తుంది. ఇవాళ మాత్రం 'అమ్మా' అనే అంటుంది.

ఆదివారం మాతంగి. ఆడ వేషం ఇక్కడే పూర్తిగా విప్పారుతుంది. మాతంగి అనే మాటకు తెలుగునాట పెద్ద చరిత్ర ఉంది. మాదిగ కులంలో ఒక స్త్రీని మాతంగిగా ఎన్నుకుని దేవతగా భావించే ఆచారాన్ని థర్‌స్టన్ నమోదు చేశాడు. ఆమె ఆవేశంలో పై కులాల వాళ్లను తిట్టేది, ఉమ్మేది, బెత్తంతో తాకేది. ఆ తాకిడి వాళ్లకు శుద్ధి. ఆడమనిషి, అందులోనూ అట్టడుగున ఉన్న ఆడమనిషి, ఊరందరికీ పైన నిలబడే ఘడియ అది. తిరుపతి జాతరలో మాతంగి వేషం ఆ పాత ఆచారానికి నకలు కాకపోయినా, ఆ పేరులోని బలాన్ని తెచ్చుకుంది. సోమవారం సున్నపుకుండల వేషం. సున్నపు చుక్కలు పెట్టిన కుండ తలమీద పెట్టుకుని, నల్లటి ఒంటి మీద తెల్ల చుక్కలతో తిరుగుతారు. మంగళవారం వెదురుబద్దలతో గోపురాల్లా కట్టిన సప్పరాలను మొక్కుకున్నవాళ్లు తలకెత్తుకుని గుడికి వస్తారు. వీధుల్లో పొంగళ్లు పొంగుతాయి, అంబలి కడవలు వెలుస్తాయి.

వారం మొత్తంలో ఎక్కువ ఫోటోలకు ఎక్కేది మగవాళ్ల ఆడవేషం. కొడుకు జబ్బుపడి కోలుకుంటే 'అయిదేళ్లు ఆడవేషం వేయిస్తా తల్లీ' అని మొక్కుకున్న తల్లి ఆ మాట తీర్చుకుంటుంది. చీర కట్టడం, సవరం పెట్టి జడ వేయడం, పూలు తురమడం, కాటుక దిద్దడం, ఇవన్నీ ఇంటి ఆడవాళ్ల పనులు. మీసమున్న మేనమామను నడివాకిట కూర్చోబెట్టి, అక్కచెల్లెళ్లు, మేనకోడళ్లు చుట్టూ చేరి ఏ చీర నప్పుతుందో వాదించుకుంటారు. కొందరు మీసం తీస్తారు, కొందరు ఉంచుకుంటారు. చీర కుచ్చిళ్లు తొక్కుకోకుండా మెట్లు దిగడం, గుంపులో కొంగు సర్దుకోవడం, ముక్కూమొహం తెలియనివాడు చూసే చూపును భరించడం, ఇవన్నీ ఆ మగవాడికి ఒక్కరోజు పాఠాలు.

ఆడవాళ్లు మాత్రం పెద్దగా వేషాలు కట్టరు. పసుపు పూసుకున్న ముఖంతో, తలస్నానం చేసిన జుట్టుతో వస్తారు. అమెరికాలోని ఎమరీ విశ్వవిద్యాలయానికి చెందిన మతాల అధ్యయనకర్త జాయిస్ ఫ్లూకిగర్ 2013లో తిరుపతి గంగమ్మ మీద వెలువరించిన పుస్తకంలో దీనికి లోతైన వివరణ ఇచ్చింది. అమ్మవారి శక్తి ఆడవాళ్లలో అప్పటికే ఉంది. దాని ముందు నిలబడడానికి రూపం మార్చుకోవాల్సింది మగవాళ్లే. జాతర వారంలో ఊరంతా ఆడదవుతుందన్నది ఆ పుస్తకం సారాంశం. అంతకుముందు డాన్ హాండెల్‌మన్ అనే మానవశాస్త్రవేత్త, 1995లో వెల్చేరు నారాయణరావు గౌరవార్థం వచ్చిన వ్యాససంపుటిలో, ఈ వేషాల వరసను మగతనం కరిగి ఆడతనంలో కలిసే ప్రయాణంగా చదివాడు. తెలుగులో పేట శ్రీనివాసులు రెడ్డి గంగజాతర మీద పరిశోధన చేసి పుస్తకం రాశాడు. పైనుంచి వచ్చిన పండితుల సిద్ధాంతాలకు నేల దొరికింది ఇలాంటి స్థానిక సేకరణల వల్లనే.

వీళ్లకు ముందు రాసినవాళ్ల చూపు వేరు. దక్షిణాది గ్రామదేవతల ఉత్సవాలను మొదట కాగితం మీద పెట్టినవాళ్లలో ఎక్కువమంది క్రైస్తవ మిషనరీలు. తిరునెల్వేలి ప్రాంతంలో పనిచేసిన రాబర్ట్ కాల్డ్‌వెల్ 1849లోనే అక్కడి ఆవేశ నృత్యాలను దెయ్యాల ఆటగా వర్ణించాడు. మద్రాసు బిషప్ హెన్రీ వైట్‌హెడ్ 1916లో దక్షిణ భారత గ్రామదేవతల మీద పుస్తకం ప్రచురించాడు. అందులోని వివరాలు విలువైనవే. తీర్పులు మాత్రం ఆ కాలపు మిషనరీ తీర్పులు. రంగు పూసుకుని, కేకలు పెట్టి, రక్తబలి ఇచ్చే ప్రతిదానికీ దెయ్యం పేరు అంటించడం వాళ్లతో స్థిరపడిపోయింది. శ్రీలంకలో 18 రోగాలకు 18 ముసుగులు కట్టే సన్ని యకుమ, ఉత్తర మలబారులోని తెయ్యం, తుళునాడులోని భూతకోల, అన్నీ ఒకే మాట కింద పడ్డాయి. వీటి మధ్య పోలిక ఉన్నమాట నిజమే. అన్నింటా మనిషి ఒంటికి రంగు పడగానే వాడు వాడు కాకుండా పోతాడు. కానీ సన్ని యకుమలో ముసుగు కట్టుకున్నది రోగం తెచ్చే యక్షుడు, తెయ్యంలో దేవుడు. తిరుపతి బండ, తోటి వేషాలు చూడ్డానికి ఎంత భీకరంగా ఉన్నా అవి అమ్మ కట్టిన మారువేషాలు. ఇక్కడి కథలో రాక్షసుడు వేషాల్లో లేడు, కోటలో ఉన్నాడు.

అయితే గంగమ్మలో ఉగ్రం లేదని కాదు. ఆమె పేరులో నీళ్లున్నా ఆమె రోజులు నడివేసవి. అమ్మవారు పోయడమంటే ఒళ్లంతా పొక్కులు లేవడం. మశూచి ఊళ్లను తుడిచిపెట్టిన కాలంలో వేపాకు, పసుపు, అంబలి, చల్లనీళ్లు మందు, పూజ రెండూ అయ్యాయి. భారతదేశంలో చివరి మశూచి కేసు 1975లో నమోదైంది. 1980లో ప్రపంచ ఆరోగ్య సంస్థ ఆ వ్యాధి లోకంలోనే లేదని ప్రకటించింది. వ్యాధి పోయినా జాతర పోలేదు. ఎండ ఉంది, పిల్లల జబ్బులున్నాయి, ఉద్యోగం రాని కొడుకులున్నారు, కాపురం కుదరని కూతుళ్లున్నారు. మొక్కు కొత్త కష్టాల మీదికి మళ్లింది.

జాతర అంటే గంగమ్మ, గంగమ్మ అంటే చిత్తూరు సీమ. చిత్తూరులో నడివీధి గంగమ్మ, కుప్పంలో తిరుపతి గంగమ్మ, పుంగనూరులో జమీందారుల ప్యాలెస్ ఆవరణలో కొలువుదీరే సుగుటూరు గంగమ్మ, శ్రీకాళహస్తిలో చలికాలంలో జరిగే ఏడు గంగల జాతర, ఒక్కోచోట ఒక్కో తీరు. ఒకప్పుడు నెల్లూరు జిల్లాలో ఉండి 2022లో కొత్త తిరుపతి జిల్లాలోకి వచ్చిన వెంకటగిరిలో పోలేరమ్మను మట్టితో చేసి, ఒక్కరోజు నిలిపి, విరూపం చేసి పంపుతారు. మట్టిలోంచి పుట్టి మట్టిలో కలవడం వేరేచోట్లా ఉంది. రోజుకొక వేషంతో వారమంతా కథ నడపడం మాత్రం తిరుపతి సొత్తు.

తిరుపతి ఊరు మారిన వేగంతో పోలిస్తే ఈ వేషాలు నిలిచిన తీరు ఆశ్చర్యపరుస్తుంది. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడేనాటికి తిరుపతి గోవిందరాజస్వామి గుడి చుట్టూ అల్లుకున్న చిన్న పట్టణం. 1944లో తిరుమలకు ఘాట్ రోడ్డు పడింది, 1954లో శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయం వచ్చింది, 2007లో ఊరు నగరపాలక సంస్థ అయింది. 2011 జనగణన నాటికి నగర జనాభా 2.87 లక్షలు. అవిలాల ఇప్పుడు ఊరు కాదు, నగరపు అంచు. పెంకుటిళ్ల గడపలు పోయి అపార్ట్‌మెంట్ల లిఫ్టులు వచ్చాయి. కైకాల వేషం నడిచేది పాత వీధుల వెంటే గనుక, కొత్త కాలనీల వాళ్లే బిందె పట్టుకుని పాత వీధిలోని బంధువుల గడపకు వచ్చి ఎదురుచూస్తారు. వేషం ఇంటికి రాకపోతే ఇల్లే వేషం దగ్గరికి వస్తోంది. ఈ ఆచారం బతకడానికి మూలం ఇక్కడుంది. నడిచేవాడు ఎంత ముఖ్యమో, నీళ్లబిందెతో నిలబడి ఎదురుచూసే మనిషి అంత ముఖ్యం. అటువైపు బిందె లేకపోతే కైకాల దొర ఆగడానికి గడపే లేదు.

చట్టాలు కూడా మారాయి. ఆంధ్రప్రదేశ్ దేవాదాయ చట్టం 1987లో గుళ్లలో వంశపారంపర్య హక్కులను, మిరాసీలను రద్దు చేసింది. 1996లో సుప్రీంకోర్టు దాన్ని సమర్థించింది. గుడిలోపల హక్కుల లెక్క మారినా, వీధిలో వేషం కట్టే పని కైకాల ఇళ్ల వంతుల మీదే సాగుతోంది. ఈ పనికి జీతం లేదు. హారతి పళ్లెంలో పడే చిల్లర, బియ్యం, చీరముక్క, అంతే. మగ్గం వదిలి వేరే వేరే పనుల్లో స్థిరపడిన కుటుంబాలు, వంతు వచ్చిన ఏడాది వారం పాటు అన్నీ పక్కన పెట్టి ఒంటికి రంగు పూసుకుంటాయి. కళాకారుడు బతుకుతెరువు కోసం ఆడితే, ఆట గిట్టుబాటు కానప్పుడు మానేస్తాడు. పగటివేషాలు, వీధినాటకాలు ఈ సీమలోనే అలా చిక్కిపోయాయి. కైకాల వేషానికి ఆ గండం రాలేదు. అది మొదటి నుంచీ బతుకుతెరువుగా కాక బాధ్యతగానే ఉంది.

కొత్త గండాలు వేరే ఉన్నాయి. అవి జాతరకు వచ్చిన పేరుతో వచ్చినవి. రాష్ట్ర ప్రభుత్వం జాతరకు రాష్ట్ర పండుగ గుర్తింపు ఇచ్చింది. 2024 డిసెంబరులో విడుదలైన 'పుష్ప 2' సినిమాలో అల్లు అర్జున్ నీలిరంగు ఒంటితో, చీరతో, నిమ్మకాయల దండతో గంగజాతరలో ఆడాక, దేశమంతా ఈ వేషం పేరు విన్నది. ఆ తరువాతి జాతరల్లో ఆ నీలిరంగు వేషాన్ని అనుకరించే కుర్రాళ్లూ కనిపించారు. సినిమా మేలే చేసింది. ఊళ్లోనే సిగ్గుపడి చీర కట్టుకోవడం మానేసిన యువకులకు ధైర్యమిచ్చింది. కానీ నీలిరంగు పాత వరసలో లేదు. తెలుపు, ఎరుపు, నలుపు, గంధం, ఒక్కో రంగుకు కథలో ఒక్కో చోటుంది. చూసేవాళ్ల రద్దీ ఎంత పెరిగినా ఈ వరస చెడకుండా చూసుకునే భారం చివరికి కైకాల ఇళ్ల మీదే పడుతుంది.

మంగళవారం అర్ధరాత్రి దాటాక గుడి ముందు బంకమట్టితో గంగమ్మ విశ్వరూపం తయారవుతుంది. పెద్ద కళ్లు, బయటికి వచ్చిన నాలుక, రంగులు, నిమ్మకాయలు, వేపాకు. వారమంతా వేషాల చాటున దాగిన రూపం ఇదే. పేరంటాళ్లుగా ఆడవేషం కట్టిన కైకాల వాళ్లు ఊరేగింపుగా వస్తారు. పాలెగాణ్ని చంపి, ఊరిని కాచి, తిరిగి ముత్తైదువగా శాంతించిన గంగమ్మ ఆ పేరంటాలు. గుడి ముందు వీధి అప్పటికి ఇసుక వేస్తే రాలనంత జనం. రాత్రంతా నిద్ర లేక ఎర్రబడ్డ కళ్లతో చంటిపిల్లల్ని భుజాన ఎత్తుకున్నవాళ్లు, మేడల మీద నిలబడినవాళ్లు, అందరి చూపూ ఆ మట్టి ముఖం మీదే. పేరంటాలు ముందుకొచ్చి ఆ ముఖం చెంపను తీసేస్తుంది. దాన్నే చెంప నరకడం అంటారు. ఆ క్షణంతో విశ్వరూపం పోతుంది, జాతర ముగుస్తుంది, ఊరి కట్టు విడిపోతుంది.

తరువాత మట్టి కోసం జనం ఎగబడతారు. తడి ఆరని బంకమట్టి, పసుపు కుంకుమల మరకలతో, చేతికి దొరికినంత. కొంగు చివర మూట కట్టుకున్నవాళ్లు, కాగితంలో పొట్లం చుట్టుకున్నవాళ్లు, గుప్పిట బిగించి అలాగే ఇంటిదారి పట్టినవాళ్లు. ఇంటికి చేరాక దాన్ని దేవుడి గూట్లో పెడతారు. పిల్లాడికి జ్వరం వచ్చిన రాత్రి చిటికెడు నలిపి నుదుట పెట్టడానికి, ఆ గడ్డ వచ్చే ఏడు చాటింపు దాకా అక్కడే ఉంటుంది.